ఎన్నాళ్లు బతుకుతావో ఏ గడిలో రాశావు నాయనా?

మా పెద్దన్నయ్య మనవడు నలభై అయిదో ఏట రిటైరవుతాడట. వాడికిప్పుడు ముప్పై మూడు. గచ్చిబౌలిలో ఉద్యోగం, కూర్చుని చేసే పనే, అయినా నడుముకి బెల్టు పెట్టుకుని తిరుగుతాడు. సంక్రాంతికి వచ్చినప్పుడు భోజనాలయ్యాక ల్యాప్‌టాప్ తెరిచి లెక్క చూపించాడు. ఎడమవైపు వరసగా సంవత్సరాలు, కుడివైపు కోట్లు. నెలకి లక్ష ఖర్చు, ఏడాదికి 12 లక్షలు, దానికి 25 రెట్లు 3 కోట్లు, అది పోగైన రోజున ఆఫీసుకి నమస్కారం. అంతా విని ఒక్కటే అడిగాను, ఎన్నాళ్లు బతుకుతావో ఏ గడిలో రాశావు నాయనా అని. వాడు నవ్వాడు. నేను నవ్వడానికి అడగలేదు.

ఉద్యోగం చేసినన్నాళ్లూ ఖమ్మం జిల్లాలో సబ్ ట్రెజరీల్లో గడిపినవాణ్ణి. అందులో ఎక్కువ కాలం పెన్షన్ సీటు. ఆ సీట్లో కూర్చుంటే ఊరి ముసలితనమంతా కాగితాల మీద కనిపిస్తుంది. ఎవరికి చూపు మందగించిందో సంతకం చూస్తే తెలిసేది. చెయ్యి వణకడం మొదలైనవాళ్లు సంతకం మానేసి వేలిముద్రకి వచ్చేవాళ్లు. ఎవరి కొడుకు ఒకటో తారీఖున వెంటబడి వచ్చి గుమ్మం దగ్గరే డబ్బు లాక్కుంటాడో కూడా తెలిసేది. అందుకే మీ ఈడు పిల్లలు రిటైర్మెంట్ గురించి మాట్లాడుతుంటే నోరు మూసుకుని కూర్చోవడం నావల్ల కాదు. వింటే వినండి, లేకపోతే మానండి.

మా రోజుల్లో రిటైర్మెంట్ ఎవరూ తీసుకునే నిర్ణయం కాదు. అదొక తారీఖు. సర్వీసు రిజిస్టర్ మొదటి పేజీలో పుట్టిన తేదీ అంకెల్లోనూ అక్షరాల్లోనూ రాసి ఉండేది. సగం మందికి అది నిజంగా పుట్టిన తేదీ కూడా కాదు, బడిలో చేర్చుకున్న పంతులుగారు నోటికొచ్చినట్టు వేసిన జూలై 1. ఒకటో తారీఖున పుట్టినవాడు ముందు నెల ఆఖరి రోజునే దిగిపోవాలని రూలు. అందుకని జూన్ 30 సాయంత్రం ఏ ఆఫీసు చూసినా దండలే. బంతిపూల దండ, శాలువా, గోడ గడియారం, కారప్పూస, కాఫీ. హెడ్ క్లర్కు గొంతు సవరించుకుని నాలుగు ముక్కలు మాట్లాడేవాడు. మర్నాటి నుంచి ఆయన అరుగు మీద పేపరు చదువుకునేవాడు. ఎంత పోగేశాను, ఎప్పుడు దిగాలి, షేర్లు పడిపోతే ఏం గతి అన్న బెంగ ఒక్కరికీ లేదు. బతికినన్నాళ్లూ ఒకటో తారీఖున డబ్బొస్తుంది, పోయాక ఆవిడకొస్తుంది. అక్షరం ముక్క రాని మనిషికి చెప్పినా అర్థమయ్యే ఏర్పాటు అది.

33 ఏళ్ల సర్వీసుంటే ఆఖరి జీతంలో సగం. ధరలు పెరిగినప్పుడల్లా దాని మీద డీఏ. జీతాల సవరణకి పీఆర్సీ వస్తే అందులోనూ వాటా. దీనికంతటికీ ఆధారం పీపీవో అనే చిన్న పుస్తకం. రెండు భాగాలుండేవి, ఒకటి పెన్షనరు దగ్గర, ఒకటి ట్రెజరీలో. అందులో భార్యాభర్తల జాయింట్ ఫొటో అంటించాలి. ఆ ఫొటో కోసమే పెళ్లయ్యాక మొదటిసారి స్టూడియో మెట్లెక్కిన ఆడవాళ్లు బోలెడంత మంది. భుజాల చుట్టూ కొంగు కప్పుకుని, కెమెరా వంక చూడలేక ఎటో చూస్తూ నిలబడేవాళ్లు. వివరాల కాగితంలో ఇద్దరి పుట్టుమచ్చలూ రాసుకునేవాళ్లం, ఎడమ చెంప మీద ఒకటి, కుడి మోచేతి కింద ఒకటి అని. ఇరవై ఏళ్లు పోయాక ఆయన చనిపోయి ఆవిడ ఒంటరిగా వస్తే ఫొటోలో మనిషికీ ఎదురుగా ఉన్న మనిషికీ పోలికే ఉండేది కాదు. పుట్టుమచ్చ చూసి ఫ్యామిలీ పెన్షన్ మొదలుపెట్టేవాళ్లం. ఇప్పుడు జీవన్ ప్రమాణ్ అని 2014లో తెచ్చారు, ఫోన్ ముందు మొహం పెడితే బతికున్నట్టు సర్టిఫికెట్ వస్తుంది. మంచానపడ్డవాళ్లకి అది మేలే, కాదనను. కానీ ఏడాదికోసారి ట్రెజరీ వరండాలో చింతచెట్టు కింద కలుసుకుని, ఎవరున్నారు ఎవరు లేరు అని లెక్క చూసుకునే పాత స్నేహితులు ఇప్పుడెక్కడ కలుస్తారు?

ఆ రోజుల్లోనూ ఒక జూదముండేది. కమ్యుటేషన్. పెన్షన్‌లో ఒక భాగం, తర్వాత రోజుల్లో 40 శాతం దాకా, ముందే అమ్ముకుని ఒకేసారి డబ్బు తీసుకోవచ్చు. 15 ఏళ్లు నిండాక ఆ భాగం మళ్లీ కలుస్తుంది. రిటైరైన ఏడాదిలోగా అడిగితే పేచీ లేదు. దాటాక అడిగితే డాక్టర్ల ముందు నిలబడాలి. రేపోమాపో పోయే మనిషికి పదిహేనేళ్ల డబ్బు ముందే ఇస్తే ఖజానాకి నష్టం కదా. మా తాలూకాలో ఒక హైస్కూలు హెడ్మాస్టరు గారుండేవారు. గుండె జబ్బు, నాలుగడుగులేస్తే ఆయాసం. ఎలాగూ ఎక్కువ రోజులుండనని కమ్యూట్ చేసి ఇల్లు కట్టుకున్నారు. ఆ ఇంటికి మూడుసార్లు సున్నాలు వేయించి, మునిమనవడి అన్నప్రాసన చూసి మరీ వెళ్లారు. ఆయన దగ్గరే డ్రిల్ మాస్టరుగా చేసిన మనిషి, పొద్దున్నే వంద దండీలు తీసేవాడు, నాకేం తొందరని కమ్యుటేషన్ వద్దన్నాడు. రిటైరైన రెండో వేసవిలో పోయాడు.

ఇలాంటివి కళ్లతో చూశాక ఒళ్లు చూసి ఆయువు చెప్పడం ఎవరివల్లా కాదని నమ్మకం కుదిరింది. ఒక్క మనిషి సంగతి ఎవరూ చెప్పలేరు. కానీ వెయ్యి మంది పుస్తకాలు ఒక బీరువాలో ఉంటే ఏడాదిలో ఎన్ని మూసేస్తామో ఇంచుమించు చెప్పేయొచ్చు. ఏ పుస్తకాలన్నది తెలియదు, ఎన్నన్నది తెలుస్తుంది. పెన్షనంతా ఆ ఒక్క సంగతి మీద నిలబడింది. తొందరగా పోయినవాడి డబ్బు తొంభై దాటినవాడికి చేరుతుంది. రోగమొచ్చి ఎవరు ముందు దిగాల్సి వచ్చినా బీరువా ఓర్చుకుంటుంది. మీరేం చేశారంటే ఆ బీరువా తలుపులు తీసి, ఎవడి పుస్తకం వాడి చేతిలో పెట్టి, నీ ఆయువు నువ్వే లెక్క వేసుకో పొమ్మన్నారు. పైగా దాన్ని స్వేచ్ఛ అంటున్నారు.

అబ్బాయ్, తారీఖు కదిలిస్తే ఏమవుతుందో కూడా మేం చూశాం. 1983 జనవరిలో ఎన్టీ రామారావు గారు ముఖ్యమంత్రయ్యారు. ఫిబ్రవరిలో ఉత్తర్వు వచ్చింది, రిటైర్మెంట్ వయసు 58 నుంచి 55కి తగ్గించామని. కుర్రాళ్లకి ఉద్యోగాలివ్వాలని ఆయన ఉద్దేశం. ఆ నెల 28న రాష్ట్రమంతటా వేలమంది ఒకే సాయంత్రం ఇంటికెళ్లారు. మా ఆఫీసులో పెన్షన్ కాగితాలు బల్లల మీద చాలక నేల మీద పరిచాం. వచ్చినవాళ్ల మొహాలు నాకింకా గుర్తే. ఇంకా మూడేళ్ల జీతముందని అమ్మాయి పెళ్లి కుదుర్చుకున్నవాడు, ఇంటి లోను సగం తీరినవాడు, ఇంజనీరింగ్ సీటుకి డబ్బు కట్టినవాడు. యాభై అయిదేళ్లకి నిక్షేపంగా ఉన్న మనుషులు. ఆర్నెల్లు తిరిగేసరికి వాళ్లలో కొందరి ఒంట్లోకి బీపీ, షుగరు వచ్చి కూర్చున్నాయి. రోగమొస్తే ఉద్యోగం పోతుందని అందరికీ తెలుసు, ఉద్యోగం పోతే రోగమొస్తుందని నాకు ఆ ఏడు తెలిసింది. 1984 ఆగస్టులో నాదెండ్ల భాస్కరరావు గారు నెల రోజులు ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడు మళ్లీ 58 చేశారు. ఈ మధ్యలో దిగిపోయి ఇంకా 58 నిండనివాళ్లని వెనక్కి తీసుకోవాలని 1985లో సుప్రీంకోర్టు చెప్పింది. తీర్పు వినడానికి మిగిలినవాళ్లు వచ్చి చేరారు.

ఇక నేనుండే కొత్తగూడెం సంగతి చెప్పకపోతే నా మాట సగమే. బొగ్గు బాయిల ఊరు కదా, ట్రెజరీ పెన్షనర్లకంటే బాయి దిగేవాళ్లే చుట్టూ ఎక్కువ. మా వీధిలో మూడిళ్లకో కార్మికుడు. సింగరేణిలో రిటైర్మెంట్‌ని తారీఖు ఒక్కటే తేల్చదు, ఇంకో మాట ఉంది. అన్‌ఫిట్. మెడికల్ బోర్డు పరీక్ష చేసి ఈ మనిషి ఇక బాయి పనికి పనికిరాడని రాస్తే, కొడుక్కో అల్లుడికో ఉద్యోగం. వారసత్వ ఉద్యోగాలు చెల్లవని 2017లో హైకోర్టు కొట్టేశాక కారుణ్య నియామకాలని పేరు మార్చారు, అన్‌ఫిట్ అన్న మాట మాత్రం మారలేదు. మీ అర్థశాస్త్రం పుస్తకాల్లో ఈ లెక్క ఎక్కడైనా ఉందేమో చూడండి. ఒక మనిషికి యాభై ఆరేళ్లు. ఊపిరితిత్తుల నిండా దుమ్ము. ఇంటర్ చదివి ఖాళీగా ఉన్న కొడుకు. ఆరోగ్యం కూడదీసుకుని చివరిదాకా పని చేస్తే గ్రాట్యుటీ, పీఎఫ్ వస్తాయి, కొడుక్కి ఏమీ రాదు. సర్వీసు రెండేళ్లకు తగ్గకుండా మిగిలి ఉన్నప్పుడే అన్‌ఫిట్ అయితే కొడుకు జీవితం నిలబడుతుంది. తండ్రికి రోగం తగ్గాలని కోరుకోవాలో, బోర్డు ముందుకి వెళ్లేదాకా ఉండాలని కోరుకోవాలో తెలియక దేవుడి గదిలో నిలబడ్డ తల్లిని నేనెరుగుదును. మా పక్కింటాయన, పేరు చెప్పను, బోర్డు పిలుపు కోసం ఎదురుచూస్తూ దగ్గు మందు వేసుకోవడం మానేశాడు. ఆయన్ని తప్పుపట్టేవాడు ముందు ఒక్క షిఫ్టు బాయి దిగి రావాలి.

బాయి నుంచి దిగిపోయాక పెన్షన్ ఎంతనుకున్నావు? బొగ్గు కార్మికుల పెన్షన్ పథకం 1998లో వచ్చింది. చివరి పది నెలల జీతం సగటులో నాలుగో వంతు. రిటైరైన నాడు ఎంత ఖరారైందో పోయేదాకా అంతే. డీఏ లేదు, పీఆర్సీ లేదు. ఇరవై ఏళ్ల కింద దిగినవాడు ఆ డబ్బుతో ఇప్పుడు గ్యాస్ సిలిండర్ తెచ్చుకుని, మిగిలిన చిల్లరతో షుగరు మాత్రలు కొనుక్కోవాలి. అదే వీధిలో నేను కుర్చీలో కూర్చుని సర్వీసు చేసి, ధరలతో పాటు పెరిగే పెన్షన్ తీసుకుంటున్నాను. ఆయన మా ఇంటి ముందు నుంచి దగ్గుకుంటూ వెళ్తుంటే నాకు పేపరు మీద కళ్లు నిలవవు.

మీ సంగతికొస్తాను. 2004 సెప్టెంబర్ 1 నుంచి రాష్ట్ర ప్రభుత్వంలో చేరినవాళ్లకి మా పెన్షన్ లేదు, సీపీఎస్. కేంద్రంలో అదే ఏడు జనవరి నుంచే ఆపేశారు. జీతంలో పదో వంతు కోసి మార్కెట్లో పెడతారు, ప్రభుత్వం తన వాటా కలుపుతుంది. దిగేనాడు 60 శాతం చేతికిచ్చి, 40 శాతంతో యాన్యుటీ కొనిపిస్తారు. లెక్క చేసి చూడు. 50 లక్షలు పోగైందనుకో. 20 లక్షలకి యాన్యుటీ, ఆరున్నర శాతం చొప్పున ఏడాదికి లక్షా ముప్పై వేలు, నెలకి పదకొండు వేలు కూడా నిండవు. అది మామూలు యాన్యుటీ అయితే పెరగదు. ధరలు ఏటా ఆరు శాతం పెరిగితే పన్నెండేళ్లకి రెట్టింపవుతాయి. అరవైలో పదకొండు వేలు డెబ్భై రెండొచ్చేసరికి అయిదున్నర వేల సరుకు తెస్తుంది, ఎనభై నాలుగుకి అందులో సగం. మందుల చీటీ మాత్రం ఏటా పొడుగవుతుంది. ఇరవై ఏళ్లు ఉద్యోగులు రోడ్లెక్కి అరిచాక, ఢిల్లీవాళ్లు 2025 ఏప్రిల్ నుంచి యూనిఫైడ్ పెన్షన్ అని తెచ్చి, 25 ఏళ్ల సర్వీసుంటే ఆఖరి ఏడాది సగటు బేసిక్‌లో సగం గ్యారంటీ అన్నారు. తిరిగి తిరిగి మా గుమ్మం దగ్గరికే వచ్చారు.

ప్రైవేటువాళ్లది ఇంకా అన్యాయం. ఈపీఎస్ అనే పెన్షన్ పథకం 1995లో పెట్టారు. లెక్కలోకి తీసుకునే జీతం 15,000 దాటదు. దాన్ని సర్వీసుతో గుణించి 70తో భాగించాలి. 35 ఏళ్లు ఒళ్లు హూనం చేసుకున్నా 7,500. కనీస పెన్షన్ 2014 నుంచీ 1,000 రూపాయలే. వెయ్యి రూపాయలు ఇవాళ కొత్తగూడెం నుంచి హైదరాబాద్ ఆసుపత్రికి తోడుగా ఒక మనిషితో వెళ్లి రావడానికి బస్సు చార్జీలకి కూడా చాలవు.

మా వాడు చెప్పిన 25 రెట్ల సూత్రం ఎక్కడిదో ఆరా తీశాను. అమెరికాలో విలియం బెంగెన్ అనే ఆయన 1994లో వేసిన లెక్కట. పోగేసిన దానిలో మొదటి ఏడు నాలుగు శాతం తీసి, తర్వాత ధరలకి తగ్గట్టు పెంచుకుంటూ పోతే డబ్బు ముప్పై ఏళ్లు నిలుస్తుందని అక్కడి మార్కెట్ చరిత్ర చూసి తేల్చాడు. ఆయన పనిని నేను తప్పుపట్టను, శ్రద్ధగా చేశాడు. కానీ ఆయన చూసింది అమెరికా షేర్లు, అమెరికా బాండ్లు, ముప్పై ఏళ్లు. నువ్వు నలభై అయిదుకి దిగితే ముప్పై ఏళ్లు నిండేసరికి నీకు డెబ్భై అయిదు. మా అమ్మ తొంభై రెండేళ్లు బతికింది. ఆ రక్తమే నీలోనూ ఉంది. డబ్బు అయిపోయే ఏడూ మోకాళ్లు అయిపోయే ఏడూ ఒకటే అయితే ఎవరి దగ్గరికెళ్తావు?

వడ్డీలూ అలాగే ఏడ్చాయి. 1988లో కిసాన్ వికాస్ పత్రాలు వచ్చినప్పుడు డబ్బు అయిదున్నరేళ్లలో రెట్టింపయ్యేది. ఇప్పుడు అవే పత్రాలకి 115 నెలలు పడుతుంది. పోస్టాఫీసులో సీనియర్ సిటిజన్ స్కీము ఒక్కటి 8.2 శాతంతో కాస్త నయం, అదీ 30 లక్షల దాకానే.

అసలు మెలిక ఇది కూడా కాదు. ఇన్సూరెన్స్ ఉంది తాతయ్యా అన్నాడు చూడు, అక్కడుంది. వాడిది కంపెనీ ఇచ్చిన గ్రూపు పాలసీ. ఐడీ కార్డు తిరిగిచ్చిన రోజునే అదీ పోతుంది. నలభై అయిదుకో యాభైకో కొత్తగా పాలసీకి వెళ్లు. అప్పటికే షుగరుంటే, ఉన్న రోగానికి మూడేళ్ల దాకా క్లెయిము ఇవ్వకుండా ఆపే హక్కు వాళ్లకుంది. అంటే ఒంట్లో బాగాలేక ఉద్యోగం మానెయ్యాలనుకున్నవాడు, ఒంట్లో బాగాలేదు గనకే ఇన్సూరెన్స్ కోసం ఉద్యోగంలో వేలాడాలి. మా ఆఫీసులో రోగిష్టివాడు ముందు దిగేవాడు, మీ ఆఫీసుల్లో రోగిష్టివాడు దిగలేడు. మాకు రిటైరయ్యాకా మెడికల్ రీయింబర్స్‌మెంట్ ఉండేది. బిల్లు రావడానికి నెలలు పట్టేది, చెప్పులరిగేవి, అయినా వచ్చేది. ఈ మధ్య కొన్ని మంచి పనులు చేశారు. అరవై దాటినవాళ్ల ప్రీమియం ఏడాదికి పది శాతానికి మించి పెంచాలంటే ముందు నియంత్రణ సంస్థని సంప్రదించాలని 2025 జనవరిలో అన్నారు, సొంత పాలసీల మీద 18 శాతం జీఎస్టీ సెప్టెంబర్ నుంచి తీసేశారు. డెబ్భై దాటినవాళ్లకి ఆయుష్మాన్ కార్డు మీద అయిదు లక్షల దాకా వైద్యం 2024 నుంచి ఇస్తున్నారు. అరవైకీ డెబ్భైకీ మధ్య ఎవరూ పట్టించుకోని పదేళ్లున్నాయి. జబ్బులన్నీ తలుపు తట్టేది ఆ పదేళ్లలోనే. కాబట్టి ఒరేయ్ అబ్బాయ్, ఆ షీటు మూసేసి, రిపోర్టులు శుభ్రంగా ఉన్న ఈ వయసులోనే సొంతానికో పాలసీ తీసుకో. మీ అమ్మానాన్నలకి విడిగా తీసుకో.

రిటైర్మెంట్ వయసు పెంచితే సరిపోతుందనే వాళ్లున్నారు. ఆంధ్రలో 2014లో 60 చేశారు, 2022లో 62. తెలంగాణలో 2021లో 61. బల్ల ముందు కూర్చునేవాడికి అది వరమే. రాత్రి డ్యూటీ నర్సుకి? అరవై ఒకటో ఏట దొంగ వెంట పరిగెత్తే హెడ్ కానిస్టేబుల్‌కి? పెంచే కాగితం మీద సంతకం చేసేవాళ్లు ఎప్పుడూ కూర్చుని పని చేసేవాళ్లే. ఒళ్లు ఏ పనిలో ఎంత అరిగిందో చూడకుండా అందరికీ ఒకే అంకె వేస్తే, అరగనివాళ్లు లాభపడతారు, అరిగినవాళ్లు మెడికల్ లీవులు లెక్కపెట్టుకుంటారు.

మా రోజులన్నీ బంగారమని అనను. స్వాతంత్ర్యం నాటికి ఈ దేశంలో సగటు ఆయుర్దాయం 32 ఏళ్లు. పసిపిల్లలు పిట్టల్లా రాలిపోబట్టి అంత తక్కువ, అయినా పెద్దవాళ్లూ తొందరగానే పోయేవాళ్లు. ఇప్పుడది 70. మా పెన్షన్ అంత దిలాసాగా నడవడానికి పుస్తకాలు త్వరగా మూయడమూ ఒక కారణం, ఆ సంగతి నా కళ్లతోనే చూశాను. మా నాన్నకి గుండె నొప్పి వస్తే జిల్లా ఆసుపత్రిలో ఆక్సిజన్ పెట్టి దణ్ణం పెట్టుకోమన్నారు. నాకు వస్తే స్టెంటు వేసి నాలుగో రోజున ఇంటికి పంపారు. 2017లో ప్రభుత్వం స్టెంట్లకీ మోకాలి చిప్పలకీ ధర కట్టడి చేయబట్టి నా బోటివాడికి అది అందింది. బతికించడం నేర్చుకున్నారు, సంతోషం. బతికినవాడికి ఒకటో తారీఖున ఏమొస్తుందో అది కూడా చూడాలి కదా.

మా రోజుల్లోనూ ఈ ఏర్పాటంతా గుప్పెడు మందిదే. 1982 డిసెంబర్ 17న నకారా కేసులో సుప్రీంకోర్టు, పెన్షన్ ఎవరూ దయతలచి ఇచ్చేది కాదు, చేసిన పనికి దక్కే హక్కు అని చెప్పింది. ఆ రోజుని మేం ఏటా పెన్షనర్ల దినంగా జరుపుకుంటాం, వేదిక మీద నేనూ మాట్లాడుతుంటాను. ఆ తీర్పు మా ఇంట్లో అంట్లు తోమే లక్ష్మమ్మకి వర్తించదు. ఆమె పదహారో ఏట పని మొదలుపెట్టింది, ఇప్పుడు అరవై అయిదు దాటింది. ఆమె ఎప్పుడు మానెయ్యాలో చెప్పే సర్వీసు రిజిస్టర్ లేదు. మోకాళ్లు చెప్పాలి. వృద్ధాప్య పెన్షన్ కింద కేంద్రం 1995లో 75 రూపాయలతో మొదలుపెట్టింది. తెలంగాణలో ఆమెకొచ్చేది 2,016. ఆమె చెల్లెలు కుక్కునూరులో ఉంటుంది. ఆ మండలం 2014 దాకా మా ఖమ్మం జిల్లాలోదే, విభజనప్పుడు ఆంధ్రలో కలిపారు. అక్కడ 2024 జూలై నుంచి నెలకి 4,000. ఇద్దరూ ఒకే నాట్లు వేశారు, ఒకే మిరప కోతలకి వెళ్లారు, ఇద్దరివీ అవే మోకాళ్లు. మధ్యలో గీసిన గీతకి ఒకవైపు ఒక అంకె, రెండోవైపు ఒక అంకె. ఏ అంకైనా ధరలతో పాటు తనంతట పెరగదు, ఎన్నికలతో పెరుగుతుంది. డీఏ అనేది మాకు హక్కయినప్పుడు ఆమెకి ఎందుకు కాకూడదో నాకెవరూ చెప్పలేదు.

లక్ష్మమ్మ మెట్లెక్కలేక మేడ మీద తుడవడం మానేసింది. ఎక్స్‌రే తీయిద్దాం, ఆటో ఖర్చూ అదీ నేను పెట్టుకుంటానన్నాను. అక్కర్లేదయ్యా, జీతంలో పట్టుకోండి అంది.